కామెడీ షార్ట్: రాత, కెమెరా, డైరెక్షన్ ఒక్కరే చేస్తే జోకు ఎక్కడ పోతది?

నల్లగొండ రీల్:
ఐదు నిమిషాల కామెడీ, చేతిల ఫోనే. కాగితం మీద పండిన జోకు ఎడిటింగ్‌కు వచ్చేసరికి చప్పబడుతది. ఎక్కడ జాగ్రత్త పడాలె?

దేవరకొండ రాత:
ముందు మాటల వరుస చూడండి. మనకు క్రియ చివరికి వస్తది, నవ్వు మాట మధ్యల ఇరుక్కపోతది. "మా అల్లుడు బండి అమ్మి బర్రెను కొన్నడు" అంటే నవ్వబోయేటోళ్లకు "కొన్నడు" అడ్డమొస్తది. "మా అల్లుడు బండి అమ్మిండు. కొన్నదేందో ఎరికేనా? బర్రె!" అంటే చివరి మాట మీదనే నవ్వు పడతది. డైలాగులు గడియారం పెట్టి గట్టిగ చదవండి. మూడున్నర నిమిషాలు దాటొద్దు, మిగతాది చూపులకు కావాలె. ఇంకోటి, నల్లగొండ మాట, పాలమూరు మాట ఒక్కతీరు కాదు. నటుడు ఏ ఊరోడైతే ఆ ఊరి మాటల్నే చెప్పనియ్యండి. బట్టీ పట్టిన యాస మైకుల దొరికిపోతది.

పాలమూరు కెమెరా:
మన కరెంటు 50 హెర్ట్జ్, అంటే సెకనుకు 50 సార్లు ఊగుతది. ఫోను ఆటోల సెకనుకు 30 ఫ్రేములు, 1/60 షట్టర్ (ఒక్కో ఫ్రేముకు వెలుతురు పడే టైము, సెకన్లల్ల) తీసుకుంటే ట్యూబులైటు కింద అడ్డచారలు కదుల్తయి. 25 ఫ్రేములు, 1/50 పెట్టి లాక్ చేయండి. వైట్ బ్యాలెన్స్ (రంగు సెట్టింగు), ఎక్స్‌పోజర్ (వెలుతురు సెట్టింగు) కూడా లాకే, లేకుంటే మనిషి కదలంగనే రంగు మారుతది. బయట ఎండకు 1/50తోని అంతా తెల్లబడతది, ఎన్‌డీ ఫిల్టర్ (లెన్స్ ముందు పెట్టే నల్లద్దం) కావాలె. లేకపోతే షట్టర్ వేగం పెంచుకోండి, ఎండకు చారలు రావు. మిట్టమధ్యాహ్నం తీయకండి, కండ్ల కింద నీడలు పడతయి. కండ్లు కనపడకపోతే కామెడీ లేదు.

మిర్యాలగూడ ఎడిటింగ్:
జోకు ఎక్కువగ చచ్చేది సౌండుల్నే. కాలర్ మైకు గడ్డానికి జానెడు కింద, పెద్ద గొంతు రికార్డింగ్ మీటరు మీద −12 డీబీ దగ్గర ఆగాలె. ఫ్యాను, కూలరు, ఫ్రిజ్ బంద్. బండి తాళంచెవి ఫ్రిజ్‌ల పెట్టండి, పోయేటప్పుడు మళ్ల ఆన్ చేసుడు మర్వరు. ప్రతి గదిల 30 సెకన్లు ఎవరూ మాట్లాడకుండ రికార్డు చేయండి. అది లేకపోతే ఎడిటింగ్‌ల పెంచిన మౌనం బొంద పడ్డట్టు వినపడతది. జోకు తర్వాత వినేటోని మొకం మీద 12 ఫ్రేములన్న ఆగాలె, దగ్గరదగ్గర అర సెకను. అది దొరకాలంటే డైలాగు అయిపోయినంక మనసుల మూడు లెక్కపెట్టి కట్ చెప్పండి.

నల్లగొండ రీల్:
క్లోజప్‌లు ఎన్ని తీయాలె అన్నా?

పాలమూరు కెమెరా:
తక్కువ, తమ్మీ. ముందు ఇద్దర్నీ ఒకే ఫ్రేముల పెట్టి సీను మొత్తం తియ్యి. అనేటోడు, వినేటోడు ఒక్కసారే కనపడాలె. తర్వాత వినేటోని క్లోజప్ ఒక్కటి. డైలాగు తడబడ్డకాడ అతుకుకు అదే పనికొస్తది.

వనపర్తి ఛానల్:
యూట్యూబ్ యాడ్ పైసలకు 1000 సబ్‌స్క్రైబర్లు, దాంతోపాటు 12 నెలల్ల జనం చూసిన 4000 గంటలు లేదా 90 రోజుల్ల కోటి షార్ట్స్ (యూట్యూబ్ చిన్న నిలువు వీడియోలు) వ్యూస్ కావాలె. షార్ట్స్ ఫీడ్‌ల చూసింది ఆ గంటల్ల కలవదు. మూడు నిమిషాల లోపు నిలువు వీడియో షార్ట్స్ కిందికే పోతది, మీ ఐదు నిమిషాలది అండ్ల పోదు, అడ్డంగనే తీయండి. సినిమా పాట వెనక పెట్టకండి, పైసలు పాట హక్కుదారుకు పోవచ్చు. ఫెస్టివల్‌కు పంపేది ఉంటే ముందు రూల్స్ చదివి తర్వాతనే అప్‌లోడ్ చేయండి. కొన్ని ఫెస్టివల్స్ ఆన్‌లైన్‌ల వచ్చిన సినిమాను తీసుకోవు.