అప్‌డేట్: అమ్మ అస్థికలు అంతర్వేదిలో కలిపాను

ఆడపిల్లను, ఒంటరిగా వెళ్లి అమ్మ అస్థికలు కలపవచ్చా, రాజమహేంద్రవరమా అంతర్వేదా అని పోయిన నెల అడిగాను. అంతర్వేదికే వెళ్లాను. ధవళేశ్వరం దిగువన చీలిన వశిష్ఠ పాయ అక్కడే సముద్రంలో కలుస్తుంది, అమ్మ పుట్టిల్లు ఆ పాయ ఒడ్డునే. బంధువుల గొణుగుడు సంగతి వదిలేయండి.

నరసాపురం రేవులో సఖినేటిపల్లి వెళ్లే పంటు (ఏరు దాటించే పెద్ద పడవ) ఎక్కాను. పక్కన ఒక పెద్దాయన, ఒళ్లో గుడ్డ కట్టిన చిన్న కుండ. నా ఒళ్లోనూ అదే.

"ఎవరమ్మా?"

"అమ్మండి."

"మా ఆవిడ."

తరువాత మాటలన్నీ పులస చేప గురించే! ఆవిడ రాత్రి పులుసు వండి మర్నాడు గానీ వడ్డించేది కాదట. ఈయన అర్ధరాత్రి లేచి, చప్పుడు కాకుండా మూత తీసి ఒక ముక్క తినేవారట. "తెల్లారి ముక్కలు లెక్కపెట్టేదమ్మా" అని నవ్వారు, నవ్వుతూనే కండువాతో కళ్లొత్తుకున్నారు. పదకొండు రోజులుగా రాని ఏడుపు నాకు అప్పుడు వచ్చింది.

నది సముద్రంలో కలిసే చోట, అన్నాచెల్లెళ్ల గట్టు దగ్గర ఆయన చేతులు వణుకుతుంటే గుడ్డ ముడి నేను విప్పాను. నేను నీళ్లలోకి దిగినప్పుడు నా చెప్పులు, సంచి ఆయన పట్టుకుని నిలబడ్డారు.

పేర్లు అడగడం ఇద్దరికీ తోచలేదు. తిరిగి రేవుకు వచ్చాక టీ డబ్బులు ఆయనే ఇచ్చి, బస్సు రాగానే వెళ్లిపోయారు.