నార్మన్ లియర్: రచయితా? నిర్మాతా?

పాతరీలు:
అమెరికా టీవీ కామెడీలు తీసిన నార్మన్ లియర్‌ను గొప్ప రచయిత అంటున్నారు. 1971 జనవరిలో సీబీఎస్ చానల్లో మొదలైన ఆయన కామెడీ ‘ఆల్ ఇన్ ద ఫ్యామిలీ’ వరసగా ఐదు సీజన్లు అమెరికాలో నంబర్ వన్. ఒప్పుకుంటాను. కానీ మూలం బ్రిటన్‌లో జానీ స్పైట్ రాసిన ‘టిల్ డెత్ అజ్ డూ పార్ట్’. ‘శాన్‌ఫర్డ్ అండ్ సన్’ కూడా అక్కడి ‘స్టెప్టో అండ్ సన్’కు అమెరికా వేషమే. ఆయన్ని గొప్ప నిర్మాత అనండి చాలు, రచయితని చేయకండి.

రెండోడ్రాఫ్టు:
అరువు తెచ్చింది వరస మాత్రమేనండీ: నోరు పారేసుకునే మామ, ఎదురుతిరిగే అల్లుడు. పెళ్లాన్ని ‘స్టైఫిల్’ (నోరు మూసుకో) అని కసురుకోవడం లియర్ తండ్రి అలవాటు. ఆ మాటే షోలో మామ అయిన ఆర్చీ నోట్లో పెట్టాడు. ఇక పట్టుదల చూడండి, 1968లోనూ 1969లోనూ ఏబీసీ చానల్‌కు పైలట్ (నమూనా ఎపిసోడ్) తీస్తే రెండుసార్లూ వద్దన్నారు. దాదాపు అదే స్క్రిప్టుతో మూడోసారి తీస్తే సీబీఎస్ తీసుకుంది.

పాతరీలు:
మీ మాటే నాకు సాక్ష్యం! స్క్రిప్టు మారలేదు, ఆర్చీ, అతని భార్య ఈడిత్‌లుగా కరోల్ ఓకానర్, జీన్ స్టేపుల్టన్ మారలేదు. మారింది కూతురూ అల్లుడూ. రాబ్ రైనర్, శాలీ స్ట్రదర్స్ వచ్చాకే ఇల్లు ఇల్లులా కుదిరింది. అది నిర్మాత కన్ను కదా?

కెమెరావెనక:
ఇద్దరూ పక్కన పెట్టిన సంగతి ఒకటుంది. ఎపిసోడ్‌ను వీడియోటేపు మీద రెండుసార్లు తీసేవాళ్లు, రెండు వేర్వేరు ప్రేక్షకుల గుంపుల ముందు. మొదటి ఆటలో పేలని లైను రెండో ఆటకల్లా మారిపోయేది. తర్వాత రెండింట్లో బాగున్న ముక్కలు కలిపేవాళ్లు. దీంతో చిక్కేమిటంటే, రెండు ఆటల్లో నవ్వు ఒకేంతసేపు ఉండదు. నవ్వు తగ్గకముందే నటుడు నోరు తెరిస్తే తర్వాతి లైను మునిగిపోతుంది, అతుకు దగ్గర తెలిసిపోతుంది. డబ్బా నవ్వు (ముందే రికార్డు చేసిన నవ్వు) పోస్తే ఈ బాధ లేదు, కానీ ఏ లైను చచ్చిందో కూడా తెలీదు. రాతా నిర్మాణమూ ఇక్కడ ఒకే పని.

రెండోడ్రాఫ్టు:
సరిగ్గా చెప్పారు. మోడ్ అనే పాత్రను కూడా 1971 డిసెంబరులో ఈడిత్ చుట్టంగా ఒక ఎపిసోడ్‌లోకి తెచ్చి, 1972లో సొంత షో ఇచ్చారు. అందులోని పనిమనిషి ఫ్లోరిడా నుంచి 1974లో ‘గుడ్ టైమ్స్’ పుట్టింది. పాత్ర బలంగా ఉంటేనే ఇలా కొమ్మలేస్తుంది.

పాతరీలు:
ఆ కొమ్మకే చీడ పట్టింది. ‘గుడ్ టైమ్స్’ తల్లిదండ్రుల కథగా మొదలై, కొడుకు జేజే ‘డైనమైట్’ అని అరిచే షో అయిపోయింది. తండ్రి వేషం వేసిన జాన్ ఏమస్ దీని మీదే పోట్లాడాడు, మూడో సీజన్ తర్వాత ఆయన్ని తీసేశారు. తర్వాత తల్లి పాత్రధారి ఎస్తర్ రోల్ కూడా కొంతకాలం తప్పుకుంది.

కెమెరావెనక:
దానికి కారణం కూడా ఆ ఎదుటి జనమే. ఊతపదానికి ప్రతివారం గ్యారంటీ నవ్వు వస్తుంటే, తండ్రి నెమ్మదిగా నడిపే సీను చప్పగా కనిపిస్తుంది. రైటర్ల గదిలో ముందు కోతపడేది ఆ సీనే. దాన్ని కాపాడాల్సింది పైన కూర్చున్న లియర్. అప్పటికి ఆయన చేతిలో ఎన్ని షోలో లెక్కేయండి.

పాతరీలు:
అంటే తప్పు రచయితది కాదు, నిర్మాతది అంటారా? అయితే మీరు నా వైపే!