కాపిబారా పేరు ఏ భాషది?

ప్రశ్న: దక్షిణ అమెరికా జంతువు కాపిబారా పేరుకు ‘నీటి పంది’ అని అర్థమంటూ చాలాచోట్ల రాస్తున్నారు. అసలు ఇది ఏ భాష మాటండీ? పందితో చుట్టరికం ఏమైనా ఉందా?

జవాబు: రెండు పేర్లు కలగలిసిపోయాయండీ. ‘నీటి పంది’ అన్నది హైడ్రోకీరస్ అనే శాస్త్రీయ నామానికి అర్థం. అది గ్రీకు: హుడోర్ నీరు, ఖోయిరోస్ పంది. కాపిబారా మాత్రం బ్రెజిల్ తీరంలోని టుపి భాషది. కా అంటే ఆకు, పీ అంటే సన్నని, ఊ అంటే తినడం, చివరి అరా ఆ పని చేసేదాన్ని చెప్పే ప్రత్యయం. వెరసి సన్నాకులు తినేది, అంటే గడ్డి మేసేది. పోర్చుగీసులోకి కపివారాగా వెళ్ళింది. ఈ పేరే దానికి సరిగ్గా అతుకుతుంది.

జవాబు: పందితో చుట్టరికం లేదు. ఇది ఎలుకలు, ఉడతలు ఉన్న వర్గంలోది, గినీ పిగ్‌కి (పేరులో పిగ్ ఉన్నా అదీ పంది కాదు) దగ్గరి బంధువు. ఎదిగినది 35 నుంచి 65 కిలోలు తూగుతుంది, రోజుకు సుమారు 3 కిలోల గడ్డి మేస్తుంది. పళ్ళు జీవితాంతం పెరుగుతూనే ఉంటాయి, గరుకు మేత నమిలితేనే అరుగుతాయి. ఒంట్లో సి విటమిన్ తయారు కాదు. అందుకే జూలో పచ్చిగడ్డి మానేసి ఎండుమేతే పెడితే చిగుళ్ళు చెడే స్కర్వీ జబ్బు వస్తుంది.

జవాబు: ఇంకో మాట. అర్జెంటీనాలో దీన్ని కార్పించో అంటారు, వెనెజువెలాలో చిగ్విరే. అక్కడి సమాచారం వెతికేటప్పుడు ఈ పేర్లు వాడండి.