చార్ సియు: అంచులు మాడకుండా తీపి పూత పట్టించేదెలా?

హాంకాంగ్ దుకాణాల్లో అద్దాల వెనక కొక్కేలకు వేలాడుతూ కనిపించే చార్ సియు (తీపి పూతతో కాల్చిన పంది మాంసం) ఇంట్లో సరిగ్గా చేయాలని ఉంది. తెలిసినవారు చెప్పండి.

కిలో పంది మెడ మాంసాన్ని పొడవాటి ముక్కలుగా కోసి, సోయా సాస్, హోయ్‌సిన్ సాస్ (సోయాతో చేసే చిక్కటి తియ్యటి చైనా సాస్), పంచదార, వెల్లుల్లి, చైనా వాళ్ల అయిదు దినుసుల పొడి (అనాసపువ్వు వాసన ముందు తగిలేది అదే) పట్టించి రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచుతున్నాను. రుచికి వంక పెట్టనక్కర్లేదు. చిక్కంతా నిప్పుల దగ్గరే. లోపల ఉడికేలోపే అంచులు నల్లబడి చేదెక్కుతున్నాయి. పంచదార తగ్గించి, దించడానికి పది నిమిషాల ముందు తేనె పూస్తే సరిపోతుందా? మెరుపు కోసం పూసే మాల్టోజ్ పాకం (ధాన్యం నుంచి తీసే చిక్కటి తీపి పాకం) మా ఊళ్లో దొరకదు. తేనెలో కాస్త వేడినీళ్లు కలిపితే ఆ మెరుపు వస్తుందా?

ఎర్ర బూజు పట్టించిన బియ్యంతో పులియబెట్టిన టోఫు (సోయా పనీర్) కూడా వేస్తారు కదా, దానికి బదులు ఏం వాడుతున్నారు? రంగు పొడి మాత్రం చెప్పకండి, ఎరుపు లేకపోయినా తింటాం!

అన్నట్టు, మాంసం నానిన రసాన్నే పైన పూసేవారు ముందుగా ఎంతసేపు మరిగిస్తున్నారు? పచ్చి మాంసం తగిలింది కాబట్టి అలాగే పూయడానికి నాకు ధైర్యం చాలడం లేదు.