మోర్మన్ సంఘంలో అపొస్తలుల కూటమిని నిజానికి నడిపేది ఎవరు?

మోర్మన్లుగా ప్రసిద్ధులైన కడవరి దిన పరిశుద్ధుల సంఘం పాలనా వ్యవస్థ తెలిసినవారు దయచేసి ఈ సందేహం తీర్చగలరు.

అధ్యక్షుడు మరణించగానే ప్రథమ అధ్యక్షత్వం (అధ్యక్షుడూ, ఆయన సలహాదారులూ ఉండే అత్యున్నత మండలి) రద్దయి, ఆయన సలహాదారులు పన్నెండుమంది అపొస్తలుల కూటమిలోని తమ స్థానాలకు తిరిగి వెళతారనీ, ఆ కూటమిలో అందరికంటే ముందు చేరినవారే తరువాతి అధ్యక్షులవుతారనీ, ఇందులో వయసుకు గాని, ఎన్నికల ప్రచారానికి గాని తావు లేదనీ చదివాను. 1844లో సంఘ స్థాపకుడు జోసెఫ్ స్మిత్ హత్యానంతరం బ్రిగమ్ యంగ్ కూటమి అధ్యక్షుడి హోదాలోనే సంఘాన్ని నడిపి, 1847 డిసెంబరులో గాని ప్రథమ అధ్యక్షత్వాన్ని పునరుద్ధరించలేదు. అంతవరకు బాగానే అర్థమవుతోంది.

చిక్కల్లా 2018 నాటి ఏర్పాటుతోనే. రసెల్ నెల్సన్ అధ్యక్షులైనప్పుడు డాలిన్ ఓక్స్ ఆయనకు మొదటి సలహాదారుగా ఉంటూనే కూటమి అధ్యక్షులు కూడా అయ్యారు. రసెల్ బాలర్డ్‌ను కూటమికి తాత్కాలిక అధ్యక్షులుగా నియమించారు. అలాంటప్పుడు కూటమి సమావేశాలకు అధ్యక్షత వహించేదీ, సభ్యులకు పనులు అప్పగించేదీ ఎవరు? ఓక్స్ గారి అప్పటి కూటమి అధ్యక్ష హోదా వారసత్వ క్రమాన్ని సూచించడానికి మాత్రమేనా? నాకైతే అలాగే తోస్తోంది గాని, ఆధారం కావాలి.

ఇంకొక చిన్న ప్రశ్న. 2012లో ఏర్పడిన హైదరాబాద్ స్టేక్ (కొన్ని వార్డులు కలిసిన విభాగం) అధ్యక్షుడు, ఆయన పరిధిలో జీతం లేకుండా వార్డులు, అంటే స్థానిక సంఘాలు, నడిపే బిషప్పుల వ్యవహారాలను తన పైనున్న ప్రాంతీయ అధ్యక్షత్వానికి నివేదిస్తారా, లేక కొన్ని విషయాలు నేరుగా సాల్ట్ లేక్ సిటీలోని సంఘ ప్రధాన కార్యాలయానికి వెళతాయా? సంఘంలో బాధ్యతలు నిర్వహించినవారు ఆచరణలో జరిగేది చెబితే మరీ మంచిది. విశ్వాసపరమైన వాదనలు నాకు అవసరం లేదు.