1 టీబీ పెన్ డ్రైవ్ 699కే కొన్నాను, ఫోటోలు సగం తెరుచుకోవట్లేదు

గోదారి_గట్టు:
అందరికీ నమస్కారం. ఆన్‌లైన్‌లో 1 టీబీ పెన్ డ్రైవ్ 699 రూపాయలకే కనిపిస్తే కొన్నాను. ల్యాప్‌టాప్‌కి పెడితే 931 జీబీ అని చక్కగా చూపించింది, అనుమానమే రాలేదు. నాన్నగారి పాత హార్డ్ డిస్క్ ఈమధ్య బాగా నెమ్మదించింది, అందుకని అందులో ఉన్న అక్క పెళ్ళి ఫోటోలు, వీడియోలు దాదాపు 180 జీబీ దీంట్లోకి కాపీ చేశాను, ఒక్క ఎర్రర్ కూడా రాలేదు. నిన్న అమ్మ చూస్తానంటే టీవీకి పెట్టాను. పెళ్ళికూతుర్ని చేసినప్పటి ఫోటోలు బాగానే వచ్చాయి. జీలకర్ర బెల్లం దగ్గరికి వచ్చేసరికి పై సగం ఫోటో, కింద సగం బూడిద రంగు. తలంబ్రాల వీడియో అసలు తెరుచుకోలేదు, కానీ ఫైల్ పేరుంది, సైజూ సరిగ్గానే ఉంది. పాత డిస్క్‌లోంచి ఇంకా ఏమీ డిలీట్ చేయలేదు. తప్పు పెన్ డ్రైవ్‌దా, డిస్క్‌దా? చాలా టెన్షన్‌గా ఉంది.

స్టూడియో_కార్డులు:
డిలీట్ చేయకపోవడం చాలా మంచి పని చేశారు, ఇంకొన్నాళ్ళు అలాగే ఉంచండి. ఆ ధరకి 1 టీబీ రాదండీ. ఇలాంటి నకిలీల్లో లోపల ఉండేది ఏ 32 జీబీ చిప్పో, 64 జీబీ చిప్పో. డ్రైవ్‌ని నడిపే కంట్రోలర్ చిప్‌లో ఫర్మ్‌వేర్ (దాని లోపలి ప్రోగ్రామ్) మార్చి కంప్యూటర్‌కి 1 టీబీ అని చెప్పిస్తారు. ఫైళ్ళ పేర్లూ సైజులూ రాసే పట్టిక డ్రైవ్ మొదట్లోనే ఉంటుంది కాబట్టి అది నిలుస్తుంది, అసలు చోటు నిండాక వచ్చినదాన్ని కొన్ని డ్రైవ్‌లు పారేస్తాయి, కొన్ని మళ్ళీ మొదటికొచ్చి పాత ఫైళ్ళ మీదే రాసేస్తాయి. విండోస్ రాయమంటుంది, డ్రైవ్ రాశానంటుంది, తిరిగి చదివి చూసేవాళ్ళు ఉండరు, అందుకే ఎర్రర్ రాదు.

ఖాళీగా ఫార్మాట్ చేసి హెచ్‌2టెస్ట్‌డబ్ల్యూ (H2testw) అనే విండోస్ ప్రోగ్రామ్ నడపండి, ఉచితమే. 1 జీబీ ఫైళ్ళతో డ్రైవ్ నింపి, అన్నీ తిరిగి చదివి పోల్చి చూస్తుంది. సెకనుకు 20 ఎంబీ రాసే డ్రైవ్ అయితే 1 టీబీ నింపడానికే దాదాపు 14 గంటలు, కాబట్టి ముందు 1,00,000 ఎంబీ ఇచ్చి చూడండి. అక్కడే ఫెయిలైతే తేలిపోయినట్టే, పాసైతే మాత్రం మొత్తం నడపాల్సిందే. లైనక్స్, మ్యాక్ వాళ్ళకి ఎఫ్3 ఉంది, అదీ ఇదే పని చేస్తుంది.

డిస్క్_డాక్టర్:
పై అన్న చెప్పింది పెన్ డ్రైవ్‌కే, పాత డిస్క్ మీద మాత్రం రాసే టెస్ట్ ఏదీ పెట్టకండి. సర్ఫేస్ స్కాన్ (డిస్క్ మొత్తం చదివి చూసేది), విండోస్‌లో ఉండే చెక్ డిస్క్ కూడా ఇప్పుడు వద్దు, చావుబతుకుల్లో ఉన్న డిస్క్‌ని గంటల తరబడి తిప్పితే ఆ టెస్టే దాన్ని చంపొచ్చు. డిస్క్ తన ఆరోగ్యం గురించి రాసుకున్న లెక్కలు చూపించే క్రిస్టల్‌డిస్క్‌ఇన్ఫో ప్రోగ్రామ్ తెరిచి రీఎలొకేటెడ్ (పాడైతే వేరే చోటికి మార్చినవి), పెండింగ్ (ఇంకా అనుమానంలో ఉన్నవి) సెక్టార్ల, అంటే డిస్క్‌లోని చిన్న చిన్న గదుల, లెక్క చూడండి, అది డిస్క్‌కి శ్రమ కాదు. పెండింగ్ సున్నా కాకపోతే ఆ సెక్టార్లు చదవడానికి మొరాయిస్తున్నాయని అర్థం. సీఆర్‌సీ ఎర్రర్ల (డేటా దారిలో పాడైన సందర్భాల) అంకె ఒక్కటే పెరుగుతుంటే చాలాసార్లు కేబుల్‌దే తప్పు, మార్చి చూడండి. ఏదేమైనా ముందు కాపీ, తర్వాతే పరీక్షలు. మామూలుగా కాపీ అవ్వకుండా ఆగిపోతుంటే లైనక్స్‌లో డీడీరెస్క్యూ అనే కాపీ ప్రోగ్రామ్ వాడండి, బాగున్న చోటు ముందు లాగేసి, మొండికేసే సెక్టార్ల దగ్గరికి చివర్లో వెళ్తుంది.

గోదారి_గట్టు:
ఇద్దరికీ చాలా థాంక్స్. రాత్రి పెన్ డ్రైవ్‌కి టెస్ట్ పెట్టి పడుకున్నాను. పొద్దున చూస్తే 29.1 జీబీ ఓకే, మిగతాదంతా డేటా లాస్ట్. రిటర్న్ పెట్టేశాను. పాత డిస్క్‌లో పెండింగ్ 8 ఉంది, మీరు చెప్పినట్టే ముందు మొత్తం ల్యాప్‌టాప్‌లోకి లాగాను, రెండు ఫోటోలు మాత్రం రాలేదు. పెన్ డ్రైవ్‌లో బాగున్న ఆ 29 జీబీని చిన్న పార్టిషన్ (విడి భాగం) చేసి వాడుకోవచ్చంటున్నాడు మా తమ్ముడు, నిజమేనా?

స్టూడియో_కార్డులు:
చేయొచ్చు కానీ వద్దండీ. ఇలాంటి వాటిలో వేసే చిప్పులు చాలావరకు నాసిరకం. రిటర్నే మంచిది.

గోదారి_గట్టు:
సరేనండి. 500 జీబీ ఎస్ఎస్‌డీ (తిరిగే భాగాలు లేని డిస్క్) బయట షాపులో బిల్లుతో కొన్నాను, దానికీ టెస్ట్ నడుస్తోంది, 212 జీబీ దాటింది. అది పూర్తయ్యేదాకా ఫోటోలు అందులో వేయను. తలంబ్రాల వీడియో ల్యాప్‌టాప్‌లో చక్కగా తెరుచుకుంది, అమ్మ రెండుసార్లు చూసింది.