చనిపోయిన నాన్నగారి మిలిటరీ సర్వీసు మీద అమ్మ పేరున క్యాంటీన్ ధరకు కారు తీసుకోవచ్చా?

ప్రశ్న
అడిగినవారు: పెనుమూరు అబ్బాయి, తిరుపతి

అందరికీ నమస్కారం. మా నాన్నగారు సైన్యంలో మద్రాస్ ఇంజనీర్ గ్రూపులో పనిచేసి, 2009లో హవల్దారు హోదాలో పింఛనుతో విరమించారు. నిరుడు కాలం చేశారు. అమ్మ పెనుమూరు దగ్గర మా సొంతూళ్లోనే ఉంటుంది. కుటుంబ పింఛను ఆమె ఖాతాలో పడుతోంది. నేను తిరుపతిలో కాపురం ఉంటూ రేణిగుంట వైపు ఒక ప్రైవేటు సంస్థలో ఉద్యోగం చేస్తున్నాను. అమ్మకు మోకాళ్ల నొప్పులు ముదిరి, ఆమెను తిరుపతిలోని బర్డ్ ఎముకల ఆసుపత్రికి తరచూ తీసుకురావలసి వస్తున్నందున, బస్సు ఎక్కించి దించే బాధ లేకుండా ఒక చిన్న పెట్రోలు కారు కొనాలని ఇంట్లో అనుకున్నాం.

నాన్నగారు ఉన్నప్పుడు, సైనికులకు రాయితీ ధరలకు సరుకులు అమ్మే క్యాంటీన్ నుంచి నెల సరుకులు తెచ్చేవారు, ఒకసారి ఫ్రిజ్జు కూడా తెచ్చారు గాని, కారు మాత్రం ఎన్నడూ తీసుకోలేదు. ఆయన క్యాంటీన్ కార్డు ఇంకా మా ఇంట్లోనే ఉంది, దాని గడువు కూడా తీరలేదు. ఆ కార్డు మీదే కారు బుక్ చేసేస్తే సరిపోతుందని మా మేనమామ అంటున్నారు. ఒక షోరూంలో అడిగితే, కార్డు ఎవరి పేరున ఉన్నా తామే చూసుకుంటామని అక్కడి ఉద్యోగి చెప్పాడు. ఆ మాట నాకు నచ్చలేదు.

నేను తెలుసుకోదలచినవి ఇవి. తండ్రి చనిపోయాక ఆ రాయితీ కుటుంబంలో ఎవరికి దక్కుతుంది? సంపాదిస్తున్న కొడుకుగా నా పేరున కారు తీసుకునే వీలుందా, లేక అమ్మ పేరునే తీసుకోవాలా? అమ్మ పేరున అయితే ఏయే కాగితాలు సిద్ధం చేసుకోవాలి? నాన్నగారి పింఛను పత్రంలో అమ్మ పేరు లక్ష్మమ్మ అని ఉంది, ఆధార్‌లోనూ పాన్ కార్డులోనూ ఇంటిపేరు పొడి అక్షరంతో లక్ష్మి అని ఉంది. దీనివల్ల ఇబ్బంది వస్తుందా? అనుభవం ఉన్నవారు దయచేసి వివరంగా చెప్పగలరు.

జవాబు 1
మాజీ సుబేదార్, పలమనేరు

బాబూ, ముందుగా మీ మేనమామ గారి సలహాను, ఆ షోరూం ఉద్యోగి మాటను రెండింటినీ పక్కన పెట్టండి. క్యాంటీన్ కార్డు ఇంటికి ఇచ్చినది కాదు, మనిషికి ఇచ్చినది. కార్డుదారు మరణించిన రోజుతోనే ఆ కార్డుకు విలువ పోతుంది. గడువు ఇంకెన్నేళ్లు ఉన్నా దాన్ని క్యాంటీన్‌లో అప్పగించవలసిందే. చనిపోయినవారి కార్డు మీద కారు బుక్ చేయడమంటే, బతికి ఉన్నట్టు ఆయన పేరున కాగితం పుట్టించడమే అవుతుంది. రేపు అది బయటపడితే చిక్కుల్లో పడేది షోరూం ఉద్యోగి కాదు, మీ అమ్మగారు.

ఇక అసలు విషయం. హక్కు మీ అమ్మగారిది. పింఛనుతో విరమించిన సైనికుడి భార్యగా, కుటుంబ పింఛను పొందుతున్న ఆమె తన సొంత పేరున కొత్త క్యాంటీన్ కార్డుకు దరఖాస్తు చేసుకోవచ్చు, ఆ కార్డు మీద కారు కూడా తీసుకోవచ్చు. ఎంత ధర వరకు, ఎంత ఇంజను సామర్థ్యం వరకు అన్న పరిమితులు భర్త హోదాను బట్టి ఉంటాయి. ఈ పరిమితులను పైవారు అప్పుడప్పుడు మారుస్తూ ఉంటారు కాబట్టి, ఎవరో పాత వాట్సాప్ సందేశంలో పంపిన అంకెలను నమ్మకుండా, దరఖాస్తు చేసే రోజున క్యాంటీన్ నోటీసు బోర్డు మీద ఉన్న ఉత్తర్వునే చూసుకోండి. ఉద్యోగం చేసుకుంటున్న కొడుకుకు ప్రత్యేకంగా హక్కు లేదు. కారు అమ్మగారి పేరునే బుక్ కావాలి, ఆర్‌సీ కూడా ఆమె పేరునే రావాలి.

కాగితాల సంగతికి వస్తే, నాన్నగారి డిశ్చార్జి బుక్కు, పీపీఓ (పింఛను మంజూరు ఉత్తర్వు), మరణ ధ్రువీకరణ పత్రం, అమ్మగారి పేరున కుటుంబ పింఛను మంజూరైనట్టు స్పర్శ్ (సైనిక పింఛన్ల ఆన్‌లైన్ వ్యవస్థ) నుంచి తీసిన పత్రం, ఆమె ఆధార్, పాన్, ఫొటోలు, నాన్నగారి పాత కార్డు దగ్గర పెట్టుకోండి. వీటితో పాటు సైనికుడి వితంతువుగా గుర్తింపు కార్డు కావాలి. దాన్ని జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం ఇస్తుంది. 2022 ఏప్రిల్ 4న తిరుపతి జిల్లా విడిపోయినా, పెనుమూరు చిత్తూరు జిల్లాలోనే ఉంది కాబట్టి మీరు వెళ్లవలసింది చిత్తూరుకే. నాన్నగారు విరమించినప్పుడు అక్కడ పేరు నమోదు చేయించుకుని ఉంటే పని తేలిక.

కార్డు చేతికి వచ్చాక కారు పని ఇలా నడుస్తుంది. కార్లు, మోటారు సైకిళ్లు, ఫ్రిజ్జుల వంటి పెద్ద వస్తువులను క్యాంటీన్ గదిలో నిల్వ ఉంచరు. వాటిని ఏఎఫ్‌డీ అనే పద్ధతిలో కోరిన మేరకు తెప్పిస్తారు. ఏఎఫ్‌డీ ఆన్‌లైన్ పోర్టల్‌లో అమ్మగారి కార్డుతో నమోదు చేసుకోవాలి. ప్రతి మోడల్‌కూ ఒక ఇండెక్స్ నంబరు ఉంటుంది. మీరు ఎంచుకున్న మోడల్, రంగు తన దగ్గర ఉన్నాయని డీలరు అవైలబిలిటీ సర్టిఫికెట్ ఇస్తాడు. దాన్ని జతచేసి కోరిక పెట్టి, డబ్బు డీలరుకు కాకుండా క్యాంటీన్ స్టోర్స్ డిపార్ట్‌మెంటుకు కట్టాలి. వారు డీలరుకు సరఫరా ఉత్తర్వు పంపిన తరువాతే బండి మీ చేతికి వస్తుంది. డబ్బును అమ్మగారి ఖాతా నుంచే కట్టండి. ఏ కారణం వల్లనైనా కోరిక రద్దయితే తిరిగి రావలసిన డబ్బు దారి తప్పకుండా ఉంటుంది.

పేరు తేడా గురించి మాత్రం తేలికగా తీసుకోవద్దు. అది తెలిసినవారు రాస్తే బాగుంటుంది.

జవాబు 2
పీలేరు ఆడపడుచు

మా అమ్మ విషయంలో సరిగ్గా ఇదే జరిగింది కనుక రాస్తున్నాను. మా ప్రాంతంలో ఆడవాళ్లకు పుట్టింటి పేరొకటి, అత్తింటివారు పిలిచే పేరొకటి, రేషన్ కార్డులో ఎవరో రాసిన పేరొకటి ఉండడం కొత్త కాదు. నాన్న పెళ్లయిన కొత్తలో యూనిట్‌లో రాయించిన పేరే సైన్యం దృష్టిలో అసలు పేరు. మనకు ఆధార్ ఎంత ముఖ్యమో వారికి సర్వీసు రికార్డు అంత ముఖ్యం.

ఇక్కడ రెండు దారులు ఉన్నాయి. ఆధార్, పాన్, బ్యాంకు ఖాతాలను సర్వీసు రికార్డుకు తగ్గట్టు మార్చుకోవడం ఒకటి. సర్వీసు రికార్డునే ఆధార్‌కు తగ్గట్టు దిద్దించుకోవడం రెండవది. ఊరికే చూస్తే మొదటిది తేలిక అనిపిస్తుంది. అయితే పట్టాదారు పాసుపుస్తకం, బీమా, గ్యాస్, ఇంటి పన్ను అన్నీ ఆధార్ పేరుతో ముడిపడి ఉన్నప్పుడు, ఒకటి మారిస్తే మిగతావన్నీ మార్చవలసి వస్తుంది. మేము రెండవ దారినే పట్టుకున్నాం. లక్ష్మమ్మ, లక్ష్మి ఇద్దరూ ఒక్కరేనని నోటరీ అఫిడవిట్ రాయించి, పత్రికలో ప్రకటన వేయించి, ఆధార్ ప్రతితో కలిపి జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం ద్వారా రికార్డు ఆఫీసుకు పంపించాలి. మీ నాన్నగారిది మద్రాస్ ఇంజనీర్ గ్రూపు కనుక రికార్డు ఆఫీసు బెంగళూరులోనే ఉంది. చిత్తూరు నుంచి పొద్దున బయలుదేరితే రాత్రికి ఇల్లు చేరవచ్చు, ఆ విషయంలో మీరు అదృష్టవంతులు. మా నాన్నది ఆర్టిలరీ, రికార్డులు నాసిక్ రోడ్‌లో ఉన్నాయి. మాకు అంతా ఉత్తరాల మీదే నడిచింది.

రికార్డు ఆఫీసు వారు పేరు మార్పును నమోదు చేస్తూ పార్ట్ టూ ఆర్డరు అనే ఉత్తర్వు ప్రచురించిన తరువాత, దాని ఆధారంగా ప్రయాగరాజ్‌లోని పింఛను కార్యాలయం సవరణ పీపీఓ ఇస్తుంది. ఆ సవరణ వచ్చాక స్పర్శ్‌లో కూడా పేరు సరిపోయిందో లేదో తప్పక చూడండి. ఇదంతా పూర్తి కాకుండా కార్డుకు దరఖాస్తు చేస్తే పేర్లు కలవలేదని వెనక్కి పంపుతారు. కారు పండగకే కావాలన్న తొందర ఉంటే మాత్రం ఈ దారి మీకు సరిపడదు.

ఒక చిన్న మాట: ఇవే కాగితాలతో అమ్మగారికి ఈసీహెచ్ఎస్ (మాజీ సైనికుల వైద్య పథకం) కార్డు కూడా వస్తుంది. మోకాళ్ల వైద్యం నడుస్తోందన్నారు కదా, కారు కంటే ముందు అది చూడండి.

జవాబు 3
లెక్కల మాస్టారు, చిత్తూరు

పైవారు చెప్పినవన్నీ సరైనవే. కానీ ఇంత శ్రమకు మిగిలేది ఎంతో ఎవరూ చెప్పలేదు. క్యాంటీన్ ధర తక్కువగా ఉండడానికి ముఖ్య కారణం జీఎస్‌టీలో సగం మినహాయింపు. ఇది 2017లో జీఎస్‌టీ మొదలైనప్పటి నుంచీ ఉంది. పన్ను ఎంత ఎక్కువగా ఉంటే ఆ సగం విలువ అంత ఎక్కువ.

పన్ను కలపక ముందు 6,00,000 రూపాయలు పలికే చిన్న పెట్రోలు కారును తీసుకుందాం. 28 శాతం జీఎస్‌టీ ఉన్న రోజుల్లో పన్ను 1,68,000. అందులో సగం, అంటే 84,000 రూపాయలు మిగిలేవి. 2025 సెప్టెంబరు 22 నుంచి 4 మీటర్ల పొడవుకు, 1200 సీసీకి మించని పెట్రోలు కార్ల మీద పన్ను 18 శాతానికి దిగింది. ఇప్పుడు పన్ను 1,08,000, మిగిలేది 54,000. కారు అందరికీ చౌకయింది, క్యాంటీన్‌కూ బయటికీ ఉన్న తేడా మాత్రం తగ్గింది.

దానికి తోడు, షోరూంలు బయటి కొనుగోలుదారులకు ఇచ్చే పండగ తగ్గింపులు, పాత బండి మార్పిడి బోనస్ వంటివి క్యాంటీన్ బుకింగులకు చాలా చోట్ల వర్తించవు. లైఫ్ ట్యాక్స్, బీమా మీరు విడిగా కట్టవలసినవే. కాబట్టి ఒకే మోడల్‌కు క్యాంటీన్ దారిలో ఆన్‌రోడ్ ధర, బయటి దారిలో తగ్గింపులన్నీ పోగా వచ్చే ఆన్‌రోడ్ ధర, రెండింటినీ ఒకే కాగితం మీద రాయించుకుని పోల్చండి. తేడా ఇరవై వేల లోపు అయితే, నా మటుకు నేను నా పేరునే కొని, అమ్మగారి హక్కును మరో అవసరానికి అలాగే ఉంచేవాణ్ని. దీనితో సుబేదార్ గారు ఒప్పుకోకపోవచ్చు.

జవాబు 4
బీమా ఏజెంటు, తిరుపతి

అమ్మగారి పేరున కారు తీసుకుని కొడుకు నడిపే ఇళ్లలో ఒక విషయం ఎవరూ గమనించరు. యజమానికి తప్పనిసరి అని చెప్పే 15 లక్షల రూపాయల వ్యక్తిగత ప్రమాద బీమా, ఆర్‌సీలో పేరు ఉండి, చెల్లే డ్రైవింగ్ లైసెన్సు ఉన్నవారికే వర్తిస్తుంది. మీ అమ్మగారికి లైసెన్సు ఉండదని అనుకుంటున్నాను. అప్పుడు ఆమెకు ఆ బీమా అవసరం లేదు, మీరు యజమాని కాదు కనుక అది మీకు రాదు. అందుచేత మీ పేరున వేరే వ్యక్తిగత ప్రమాద పాలసీ తీసుకోండి, కారు పాలసీలో ప్రయాణికుల ప్రమాద బీమాను అమ్మగారి కోసం చేర్పించండి. రిజిస్ట్రేషన్ సమయంలోనే నామినీగా మీ పేరు రాయించే వీలు 2021 నుంచి ఉంది, దాన్ని వదులుకోవద్దు.

ఇంకొకటి. నాన్నగారి పేరున మోటారు సైకిల్ ఏదైనా ఇంట్లో ఉందా? యజమాని చనిపోతే 30 రోజుల్లో రవాణా శాఖకు తెలిపి, మూడు నెలల్లో ఫారం 31 మీద వారసుల పేరుకు మార్పించుకోవాలి. బీమా పాలసీ కూడా మరణించిన రోజు నుంచి మూడు నెలల వరకు, లేదా దాని గడువు తీరే వరకు, ఏది ముందైతే అంతవరకే చెల్లుతుంది.

ప్రశ్నించినవారి స్పందన
పెనుమూరు అబ్బాయి, తిరుపతి

అందరికీ కృతజ్ఞతలు. నాన్నగారి మోటారు సైకిల్ ఊళ్లో ఉంది, దాని సంగతి వెంటనే చూస్తాను. మాస్టారు చెప్పినట్టు రెండు ధరలూ పోల్చిన తరువాత బయటే కొనాలని తేలితే, అమ్మకు క్యాంటీన్ కార్డు చేయించే పనిని అంతటితో వదిలేయవచ్చా?

జవాబు 5
మాజీ సుబేదార్, పలమనేరు

వదలవద్దు. మాస్టారి లెక్కతో నాకు పేచీ లేదు. కారు ఎక్కడ కొనాలన్నది మీ ఇష్టం. అయితే కార్డు కారు కోసం మాత్రమే కాదు, నెల సరుకులకూ అదే ఆధారం. పేరు సవరణ అంతకంటే ముఖ్యం, ఎందుకంటే ప్రతి సంవత్సరం స్పర్శ్‌లో జీవన ప్రమాణ పత్రం ఇచ్చేటప్పుడు ఆధార్ పేరుకూ పింఛను పేరుకూ తేడా ఉంటే, పింఛనే ఆగిపోయే ప్రమాదం ఉంది. చిత్తూరు కార్యాలయానికి వెళ్లేటప్పుడు అమ్మగారిని వెంట తీసుకువెళ్లండి, ఆమె సంతకమో వేలిముద్రో అడుగుతారు. డిశ్చార్జి బుక్కు అసలును మాత్రం ఎవరి దగ్గరా వదిలి రావద్దు, చూపించి ప్రతి ఇచ్చి రండి.